మాటతో రాయిని మార్చాలంటే: రేనాటి మాయాభాషకు వ్యాకరణం ఎలా ఉండాలి?

ఒక మాట పలికితే రాయి కరిగిపోవాలి. ఇంకో మాట పలికితే మోడుబారిన చెట్టు చిగురించాలి. ఇలాంటి భాష ఉన్న కథలు రాయాలని తెలుగులో ఇప్పుడు చాలామంది కుర్రవాళ్లు ఉత్సాహపడుతున్నారు. అలాంటివి కనిపిస్తే నేను వదలకుండా చదువుతాను. అయితే వాటిలో చాలా కథలు ఒకేచోట చతికిలబడుతున్నాయి. నోరు తిరగని నాలుగు అక్షరాలు పలకగానే వెలుగు మెరుస్తుంది, శత్రువు కూలిపోతాడు. ఆ మాటే ఎందుకు పనిచేసింది, పది పేజీల తర్వాత హీరో ప్రాణం మీదికి వచ్చినప్పుడు అదే మాట ఎందుకు పనిచేయలేదు అంటే కథలో జవాబు ఉండదు. జవాబు లేకపోతే పాఠకుడికి టెన్షన్ ఉండదు. ఏదైనా జరగొచ్చు అనిపించిన చోట ఏం జరిగినా పట్టదు.

నేను కడప మనిషిని. రేనాడు నేపథ్యంగా రాస్తున్న ఒక పెద్ద కథ కోసం కాలాన్నీ పదార్థాన్నీ మార్చే భాష ఒకటి కడుతున్నాను. రేనాడు అంటే ఇప్పటి కడప, కర్నూలు ప్రాంతాలకు పాత శాసనాల్లో ఉన్న పేరు. అందుకే ఈ భాషకు రేనుడి అని పేరు పెట్టుకున్నాను. ఇది పూర్తిగా ఊహ. కానీ దీన్ని నిలబెట్టే సామగ్రి మన ఛందస్సులో, సంధుల్లో, క్రియల్లో ఇప్పటికే ఉందని నాకు గట్టిగా అనిపిస్తోంది. అదెలాగో విడమరిచి చెప్పడానికే ఈ వ్యాసం.

మహిమ ఉన్న మాటలన్నీ ఒకటి కావు

మహిమగల మాటలన్నిటినీ మనం ఒకే గాటన కట్టేస్తాం. మొదటి చిక్కు అక్కడే ఉంది. యాగంటి గుడినే చూడండి. అక్కడి రాతి నంది బసవన్న రోజురోజుకూ పెరుగుతున్నాడని, కలియుగం చివర లేచి రంకె వేస్తాడని బ్రహ్మంగారు కాలజ్ఞానంలో చెప్పినట్టు ఈ ప్రాంతమంతా నమ్ముతుంది. ఆయన చెప్పడం వల్లే బసవన్న పెరుగుతున్నాడని మాత్రం ఎవరూ అనరు. ఆ మాట కాలాన్ని ముందుగా చూస్తుంది, కదిలించదు. అదే గుడిలో కాకులు ఎందుకు వాలవు అని అడిగితే అగస్త్యుడి శాపం అంటారు. ఇక్కడ మాటే కారణం. ఒక్క కొండ దగ్గరే రెండు రకాల మాటలున్నాయి.

మూడో రకం విరాటపర్వం. వానలు మొహం చాటేస్తే ఊళ్లో విరాటపర్వం చదివించడం తెలుగునాట పాత ఆచారం. ఇది వేడుకోలు. మాట నేరుగా మబ్బును తయారు చేయదు, మబ్బును పంపగలిగినవాళ్ల మనసు కరిగిస్తుంది. ఇందులో నాకు నచ్చే సంగతి ఇంకొకటి ఉంది. వాన ఒక్క ముక్కతో రాదు. కూర్చుని పర్వం మొత్తం చదవాలి. అంటే మాటకు ధర ఉంది, ఆ ధర కాలంలోనే చెల్లించాలి.

ఇక వేములవాడ భీమకవి. భోజనాల పంక్తిలోకి రానివ్వని వాళ్ల మీద కోపంతో ఆయన పద్యం చెబితే అప్పాలు కప్పలయ్యాయనీ అన్నం సున్నమైందనీ కథ. దేవుడి దయ, మరొకరి సాయం లేవు. పద్యం పడింది, పదార్థం మారింది.

రేనుడి ఈ భీమకవి వైపు భాష. వేడుకోలు, భవిష్యవాణి మీద నాకు గౌరవం ఉంది. కానీ కథలో వాటిని దీంతో కలిపేస్తే పని ఎవరి బలంతో జరిగిందో పాఠకుడికి అంతుపట్టదు. దేవుడు కరుణిస్తే చాలనుకుంటే వ్యాకరణం దేనికి, భక్తి సరిపోతుంది.

అన్నం సున్నమైతే అన్నం ఎక్కడికి పోయింది?

పదార్థం మారడం గురించి ఆలోచించాలనుకున్నవాళ్లు కొలిమిగుండ్ల, బేతంచెర్ల, ఎర్రగుంట్ల, తాడిపత్రి వైపు ఒకసారి తిరిగి రావాలి. దారి పొడవునా నాపరాళ్ల గుట్టలే. కోట్ల ఏళ్ల కిందట సముద్రం అడుగున పేరుకున్న సున్నపు బురద గట్టిపడి ఈ రాయి అయింది. స్వచ్ఛమైన సున్నపురాయి 100 కిలోలను బట్టీలో సుమారు 900 డిగ్రీల వేడిలో కాలిస్తే 56 కిలోల సున్నం మిగులుతుంది. తక్కిన 44 కిలోలు కార్బన్ డయాక్సైడ్ అయి గాలిలో కలుస్తాయి. ఆ సున్నం మీద నీళ్లు పోస్తే బుసబుసా పొంగి వేడెక్కుతుంది. ఇసుకతో కలిపి గోడకు పూస్తే నెలలు, ఏళ్ల తరబడి గాలిలోంచి అదే వాయువును పీల్చుకుని మళ్లీ రాయిగా మారుతుంది. మంత్రం లేకుండానే రాయి సున్నమవుతోంది, సున్నం రాయవుతోంది. ఎక్కడా లెక్క తప్పడం లేదు.

మాయాభాషకు కావలసింది ఈ లెక్కే. దాన్ని భాషలో ఎలా పెట్టాలి? సంధులు గుర్తు చేసుకోండి. రెండు మాటలు కలిసిన చోట జరిగేవి ప్రధానంగా మూడే. ‘వాడు’, ‘ఎవడు’ కలిసి ‘వాడెవడు’ అయితే ఒక ఉకారం పోయింది, అది లోపం. ‘మా’, ‘అమ్మ’ కలిసి ‘మాయమ్మ’ అయితే మధ్యలో యకారం కొత్తగా వచ్చింది, అది ఆగమం. ‘అన్న’, ‘తమ్ములు’ కలిసి ‘అన్నదమ్ములు’ అయితే తకారం పోయి దాని చోట దకారం కూర్చుంది, అది ఆదేశం. ఆగమం మిత్రుడిలా వస్తుంది, ఆదేశం శత్రువులా వస్తుంది అని పాత వ్యాకర్తలు చెప్పేవారు. మిత్రుడు వచ్చి పక్కన చోటు చూసుకుంటాడు, శత్రువు ఉన్నవాణ్ని వెళ్లగొట్టి ఆ పీటే లాక్కుంటాడు.

వస్తువు మాయం కావడం, పుట్టడం, ఇంకోటిగా మారడం. మాయలో పదార్థానికి జరిగేవి కూడా ఈ మూడే. అందుకే రేనుడిలో ప్రతి మార్పూ ఒక సంధి. లోపం పలికినవాడు పోయినదానికి చోటు చెప్పాలి. ఆగమం పలికినవాడు వచ్చేది ఎక్కడినుంచి వస్తోందో చెప్పాలి. ఆదేశం పలికితే రెండూ చెప్పాలి, కనుక అదే అన్నిటికన్నా కష్టం. రాయిని సున్నం చేసే మాటలో ఆ 44 కిలోల గాలికి దారి చూపకపోతే అది పలికినవాడి ఊపిరితిత్తుల్లోకి వస్తుంది. తొందరపడ్డ శిష్యుడికి ఏం జరుగుతుందో వేరే చెప్పక్కర్లేదు.

వజ్రకరూరు వజ్రాలు ఇంకా కఠినమైన పరీక్ష. తొలకరి పడగానే అక్కడా, జొన్నగిరి, తుగ్గలి పొలాల్లోనూ జనం వంగి నేల వెతుక్కుంటూ కనిపిస్తారు. వజ్రంలోనూ బొగ్గులోనూ ఉన్నది కార్బనే కాబట్టి ‘బొగ్గును వజ్రం చేసే మాట’ ప్రతి కొత్త రచయితకూ తట్టే ఆలోచన. కానీ వజ్రం భూమిలో సుమారు 150 కిలోమీటర్లు, అంతకన్నా ఎక్కువ లోతున భయంకరమైన ఒత్తిడిలో తయారవుతుంది. బొగ్గు పేరు, వజ్రం పేరు తెలిస్తే చాలదు, ఆ లోతును కూడా మాటలోకి తేగలగాలి. నా కథలో ఆ పని చేయగలవాళ్లు ఇంతవరకూ లేరు.

గణాలకు బరువు ఉంది

లఘువుకు ఒక మాత్ర, గురువుకు రెండు మాత్రలని బడిలో నేర్చుకున్నాం. మాత్ర అంటే కాలం కొలత, కనురెప్ప వాల్చినంత సేపు. పద్యం చెప్పడమంటే కాలాన్ని ముక్కలుగా కోసి పేర్చడమే. ఆ ముక్కలు మూడేసి కలిస్తే ఎనిమిది గణాలు: యమాతారాజభానసలగం. వీటిలో ఒక్కో గణానికి ఒక్కో అధిదేవతను, ఒక్కో ఫలాన్ని మన లాక్షణికులు చెప్పారు. మగణానికి భూమి, ఫలం సంపద. యగణానికి నీరు, వృద్ధి. రగణానికి అగ్ని, మృత్యువు. సగణానికి వాయువు, దేశం పట్టి తిరగడం. తగణానికి ఆకాశం, శూన్యం. జగణానికి సూర్యుడు, రోగం. భగణానికి చంద్రుడు, కీర్తి. నగణానికి స్వర్గం, సుఖం. కావ్యం తొలి పద్యం ఏ గణంతో మొదలుపెట్టాలో కవులు ఇంత పట్టింపుగా చూసుకునేది ఇందుకే.

ఈ పట్టిక పక్కన మాత్రలు వేసి చూస్తే నాకు ఒళ్లు జలదరించింది. మూడూ గురువులైన మగణం ఆరు మాత్రలు, అన్నిటికన్నా బరువు, అది భూమి. మూడూ లఘువులైన నగణం మూడు మాత్రలు, అన్నిటికన్నా తేలిక, అది స్వర్గం. నీరు, అగ్ని, ఆకాశం ఐదేసి. వాయువు, సూర్యుడు, చంద్రుడు నాలుగేసి. ఎవరు ఏ ఉద్దేశంతో కుదిర్చారో గానీ కాలానికీ పదార్థానికీ మధ్య మారకం రేటు ఇక్కడ సిద్ధంగా ఉంది. ‘వెన్నెల’ అనే మాట గురువు, లఘువు, లఘువు. అంటే చంద్రుడి గణమే!

రేనుడిలో ప్రతి వస్తువు పేరూ దాని గణంలోనే ఉండి తీరాలి. రాతికి ‘కాలాంగీ’, నీటికి ‘తడాసే’, నిప్పుకు ‘మండెలా’, గాలికి ‘విసురా’ అని పెట్టాను. పదం మార్చుకోవచ్చు, కొలత మార్చకూడదు. గొంతు వణికి ఒక దీర్ఘం కురచయితే రాయి పిలుపు నీటికి వెళ్లిపోతుంది: ‘కాలాంగీ’లో కా కాస్తా క అయితే అది యగణం. భయంతో గొంతు తడబడటం కథలో ప్రాణాంతకం కావడానికి ఇంతకన్నా న్యాయమైన కారణం నాకు దొరకలేదు.

కాలాన్ని కదిపితే ఏది కదులుతుంది?

అందరూ దారి తప్పేది ఇక్కడే. జరిగిపోయిన సంఘటనను మాటతో మార్చొచ్చు అన్నామంటే చిక్కు వచ్చి పడుతుంది. నిన్నటిని మార్చేస్తే నిన్నటి వల్ల పుట్టిన ఈ మాట పలికే అవసరం ఉండదు. పలకకపోతే నిన్న మారదు. ఈ ముడి విప్పడానికి రకరకాల సమాంతర లోకాలు సృష్టించినవాళ్లున్నారు. నాకు అది సంతృప్తి ఇవ్వలేదు. ఇంకో లోకం ఉందంటే ఈ లోకంలో పోయిన మనిషి కోసం పడే బాధ పలచబడిపోతుంది.

నేను ఎంచుకున్న దారి వేరు. రేనుడి లోక కాలాన్ని ముట్టుకోదు, వస్తువు వయసును మాత్రమే ముట్టుకుంటుంది. సంఘటన అలాగే ఉంటుంది, దాన్ని భరించిన వస్తువు పెద్దదవుతుంది లేదా చిన్నదవుతుంది. బెలూం గుహల్లో పైకప్పు నుంచి దిగిన సున్నపు ఊడల్ని తీసుకోండి. నీటి చుక్క సున్నపురాయిని కరిగించి తెచ్చి, చుక్క చుక్కకూ ఇంత పొర వదిలితే అవి తయారయ్యాయి. ఒక ఊడ వయసు పెంచాలంటే అన్ని ఏళ్ల నీరూ, అన్ని ఏళ్ల సున్నమూ చుట్టుపక్కల నుంచి రావాలి. తగ్గించాలంటే ఆ సున్నం ఎక్కడికో వెళ్లాలి. చూశారా, వయసు ముట్టుకోగానే మళ్లీ లోపం, ఆగమం, ఆదేశం దగ్గరకే వచ్చాం. కాలం, పదార్థం అని రెండు విద్యలు లేవు, ఉన్నది ఒకటే.

ఒక వస్తువు నుంచి తీసిన ఏళ్లు ఊరికే పోవు, గిరి గీసిన మేర లోపల ఇంకో వస్తువు మీద పడాలి. ఇది నేను ఎప్పుడూ సడలించని నియమం.

ఎంత వెనక్కి వెళ్లొచ్చు? వస్తువులో గుర్తు ఉన్నంత వరకే. బనగానపల్లె దగ్గర జ్వాలాపురంలో నేల పొరల మధ్య ఒక బూడిద పొర ఉంది. సుమారు 74 వేల ఏళ్ల కిందట సుమత్రా దీవిలో టోబా అగ్నిపర్వతం పేలినప్పుడు వచ్చి పడిన బూడిద అది. ఆ పొరకు కిందా పైనా మనుషులు చేసుకున్న రాతి పనిముట్లు దొరికాయి. ఇలాంటి పొర ఉన్నచోట మాటకు పట్టు దొరుకుతుంది. పట్టు పేరు చెప్పడానికి తెలుగులో గొప్ప పద్ధతి ఉంది: మాటను రెట్టించడం. మొదట, మొదట కలిస్తే మొట్టమొదట. చివర, చివర కలిస్తే చిట్టచివర. నడుమ, నడుమ కలిస్తే నట్టనడుమ. రెట్టించగానే అది ఒక్కటే బిందువు అవుతుంది, అటూ ఇటూ జరగడానికి వీల్లేదు. రేనుడిలో కాలాన్ని అలా మేకు కొట్టినట్టు చెప్పాలి. ‘అప్పుడెప్పుడో’ అన్నవాడి మాట ఏ పొరలో ఆగుతుందో ఎవరికీ తెలియదు.

క్రియ చివర వస్తుంది

తెలుగు వాక్యంలో క్రియ చివర రావడం మాయకు పెద్ద వరం. వస్తువు చెప్పాం, మేర చెప్పాం, వయసు చెప్పాం, ధర చెప్పాం. క్రియ పడేదాకా ఏమీ జరగదు. అందాకా మనసు మార్చుకోవచ్చు, ఎవరైనా నోరు మూయవచ్చు. చేసి, చేస్తూ, చేస్తే, చేసినా అనే అసమాపక క్రియలతో ఎంత పొడవైనా గొలుసు అల్లొచ్చు. ‘చేసి’ వరుస కడుతుంది, ‘చేస్తూ’ రెండు పనుల్ని ఒకే కాలంలో నడుపుతుంది, ‘చేస్తే’ ఉచ్చు బిగించి ఎదురుచూస్తుంది.

అన్నిటికన్నా భయపెట్టేది వ్యతిరేక క్రియ. ‘రాడు’ అన్నామనుకోండి. నిన్న పిలిచినా రాడు, ఇప్పుడు పిలిచినా రాడు, రేపు పిలిచినా రాడు. ఇప్పటి మాటల్లో జరిగిపోయినదానికి ‘రాలేదు’ అని విడిగా అంటాం గానీ, పాత వ్యాకరణంలో ఆ ఒక్క రూపమే మూడు కాలాలకూ చెల్లేది. కాలం గుర్తు లేని క్రియను వస్తువు మీద ప్రయోగిస్తే ఏ వయసు దగ్గర ఆగాలో దానికి తెలియదు. వస్తువు తన వయసు మొత్తం పోగొట్టుకుంటుంది. అందుకని నా కథలో గురువులు దాన్ని నేర్పరు. అది అందరికీ తెలిసిన రూపమే కావడం, ఇంట్లో కోపంలో నోరు జారేదే కావడం ఆ ప్రపంచంలోని తల్లిదండ్రుల నిత్య భయం.

రాతలోకి వస్తే మనకు దొరికే గొప్ప నమూనా మంత్రాల పుస్తకం కాదు, దానశాసనం. కలమళ్లలో రేనాటి చోళుడు ధనంజయుడు వేయించిన శాసనం సుమారు క్రీ.శ. 575 నాటిది, తెలుగులో మనకు దొరికినవాటిలో మొదటిదని చెబుతారు. ఆ తర్వాతి శతాబ్దాల దానశాసనాల్లో ఒక కట్టుదిట్టమైన పద్ధతి స్థిరపడింది. ఇచ్చేది ఎవరు, పుచ్చుకునేది ఎవరు, ఏ భూమి, దాని నాలుగు హద్దులేమిటి, ఎంతకాలం చెల్లుతుంది, కాదన్నవాడికి ఏ పాపం తగులుతుంది. గడువు ‘ఆచంద్రార్కం’, సూర్యచంద్రులున్నంత వరకు. దానం చెడగొట్టినవాడు 60 వేల ఏళ్లు పురుగై పుడతాడన్న శ్లోకం ఎన్నో శాసనాల చివర ఉంటుంది. రాతి మీద చెక్కిన మాట వల్ల నేల చేతులు మారేది. రేనుడి వాక్యానికి అవయవాల క్రమం నేను ఇక్కడినుంచే తీసుకున్నాను.

ఎర్రగుడిలో అశోకుడి శాసనం మరో పాఠం నేర్పింది. అందులో కొన్ని పంక్తులు ఎడమ నుంచి కుడికి, కొన్ని కుడి నుంచి ఎడమకు నడుస్తాయి, పొలంలో సాలు చివర తిరిగి వచ్చే ఎద్దుల్లాగా. రేనుడిని చెక్కేటప్పుడు వయసు పెంచే పంక్తి అటు, తగ్గించే పంక్తి ఇటు. రెండూ సమానంగా ఉంటేనే రాయి పగలకుండా నిలుస్తుంది.

ఒక బావి, ఒక వాక్యం

ఇదంతా కలిసి పనిచేసేది చూపడానికి కథలోని ఒక ఘట్టం చెబుతాను. అనంతపురం వైపు పల్లె. ఏడాదికి సగటున 550 మిల్లీమీటర్ల వాన పడటమే గొప్ప, అదీ వేళకు రాదు. ఒక అమ్మాయి తన తాత తవ్విన దిగుడుబావిలో మళ్లీ నీళ్లు చూడాలనుకుంటుంది. చుట్టూ బోర్లు పడ్డాక ఆ బావి ఎండిపోయింది.

ఆమెకు పట్టు కావాలి. బావి కట్టు రాళ్ల మీద పాత నీటిమట్టం తెల్లటి గీతగా మిగిలి ఉంది. దాన్ని ‘నట్టనడుమ గీత’ అని పేరు పెట్టి పిలుస్తుంది. మేర గట్టు వరకు. చేయాల్సింది ఆదేశం: ఎండిన మట్టి చోట తడాసే. నీళ్లు ఎక్కడినుంచి రావాలి? పక్కవాళ్ల బోరులోంచి అని చెబితే పని తేలిక, ఐదు మాత్రల్లో అయిపోతుంది. కానీ ఆ బోరు కింద వాళ్ల వేరుశనగ పైరు ఉంది. ఆమె ఆ మాట అనదు. లోతు రాతి పగుళ్లలో మిగిలిన తేమను పేరు పేరునా పిలుస్తుంది, దానికి తెల్లవారేదాకా పడుతుంది. ధర కాలంలో చెల్లించడమంటే ఇదే.

ఇక వయసు తగ్గినప్పుడు బావి నుంచి దిగిపోయే నలభై ఏళ్లు. అవి గట్టు లోపల దేనిమీదో పడాలి. మెట్ల సందులో మొలిచిన వేపమొక్క మీద పడాలని చెబుతుంది. పొరపాటున ఆమె గట్టు లోపల నిలబడి ఉంటే ఆ ఏళ్లు ఆమెనే వెతుక్కుంటూ వస్తాయి. గొంతు లోపల వినబడాలి, కాళ్లు బయట ఉండాలి. గట్టు మీద బోర్లా పడుకుని, తల మాత్రం లోపలికి వంచి పలుకుతుంది. అప్పుడు తల వెంట్రుకల సంగతేమిటి? ఆ అధ్యాయం రాసేటప్పుడు ఈ ప్రశ్న నన్ను బాగా వేధించింది. చివరికి మేర చెప్పే మాటలోనే ‘నేల తాకినవన్నీ’ అని చేర్పించాను. గాలిలో ఉన్న తల ఆ లెక్కలోకి రాదు, కానీ జడ జారి లోపలి మెట్టును తాకితే వస్తుంది.

మిగిలింది క్రియ. ఆ అమ్మాయికి పంతులు నేర్పిన పుస్తక రూపం ‘తోడుతున్నాను’. మాత్రలు వేసి చూస్తే అది ఏ ఒక్క గణంలోనూ ఇమడదు. ‘పోతున్నాను’ కూడా అంతే, మూడు గురువులు, మీద ఒక లఘువు వేలాడుతుంది. మన సీమలో మాత్రం ‘పోతాండా’, ‘వస్తాండా’, ‘చేస్తాండా’ అంటాం. మూడూ మూడేసి గురువులు. మగణం, ఆరు మాత్రలు, భూమి గణం. ఇది గమనించాక నా భాష ఎవరి నోట్లో పనిచేయాలో నిర్ణయించుకోవడం తేలికైంది. జరుగుతూ ఉన్న పనిని నేలకు కట్టేసే రూపం ఈ నేల మీది వాళ్ల దగ్గరే ఉంది. అందుకే బావి గట్టు మీద ఆ అమ్మాయి పుస్తకంలోని రూపాన్ని రెండుసార్లు ప్రయత్నించి, జడను పంటితో కరిచిపట్టి, మూడోసారి ఇంట్లో వాళ్లమ్మ అన్నట్టే అంటుంది: ‘తోడ్తాండా’.